క్రిములకూ ఇంటిపేర్లున్నవి

నాలుగు రోజులు విడవకుండా జ్వరం కాసిందంటే మన వేలూరు ప్రాంతంలో డాక్టర్లు రక్తపరీక్షకు చీటీ వ్రాసి యివ్వడం మామూలు. సాయంకాలానికి ఫలితం చేతికి వస్తుంది. అందులో "టి. ఓ.", "టి. హెచ్.", "ఏ. హెచ్.", "బి. హెచ్." అని నాలుగు వరుసలూ, వాటికి ఎదురుగా 80 అనో, 160 అనో అంకెలూ వుంటవి. ఆ కాగితం చూసి డాక్టరుగారు "టైఫాయిడే" అంటారు. లేదా "కాదు" అంటారు. మందులు కొనుక్కొని యింటికి వస్తాము. ఆ అక్షరాలేమిటని అడిగేవారు తక్కువ. సత్తువాచారిలో కాపురముంటూ, పొద్దస్తమానం ఆఫీసు కాగితాలతో కుస్తీ పట్టే మాకు మాత్రం కాగితం మీద అర్థంకాని అక్షరం కనిపిస్తే నిద్రపట్టదు. అందుచేత తెలిసినవారిని అడిగి, పుస్తకాలు తిరగవేసి తెలుసుకొన్న సంగతులను యీ నెల పాఠకులకు మనవి చేస్తున్నాము. యీ అక్షరాల వెనుక మన వేలూరికీ, మద్రాసుకూ, హైదరాబాదుకూ సంబంధించిన పెద్ద కథ ఒకటి వున్నది.

ఒకటే పేరు, వేరు వేరు యినిషియళ్ళు

మన కుటుంబాలు యీ గడ్డకు వచ్చి యెన్ని తరాలైనా, పెళ్ళి మాటల్లో మొదటి ప్రశ్న "మీ యింటిపేరేమిటి?" అనే. బడిలోనూ ఆఫీసులోనూ మాత్రం యిక్కడి పద్ధతి ప్రకారం తండ్రిపేరులోని మొదటి అక్షరాన్ని యినిషియలుగా పెట్టుకొన్నాము. యే ఆఫీసు రిజిస్టరు తెరిచినా నలుగురు మునుస్వాములు తగులుతారు. యినిషియలు చూడని గుమాస్తా ఆర్. మునుస్వామి పింఛనును కె. మునుస్వామి పేర వ్రాసివేస్తాడు. పేరు ఒకటే గదా అంటే ఆర్. మునుస్వామి పొయ్యిలో పిల్లి లేస్తుందా?

సూక్ష్మజీవుల లోకంలోనూ యిదే చిక్కు. మైక్రోస్కోపు క్రింద పెట్టి చూస్తే కలరా క్రిములన్నీ వంకర కామా ఆకారంలోనే వుంటవి. టైఫాయిడు క్రిమీ, దాని దాయాదులూ అన్నీ చిన్న పుల్లముక్కల మాదిరే. తేడా అంతా వాటి పైపూతలో వున్నది. గుడియాత్తం మగ్గాల మీద దిగిన లుంగీలు దూరం నుంచి చూస్తే అన్నీ ఒకటే. చేతబట్టి గళ్ళూ అంచూ చూస్తేగాని యేది యే రకమో తెలియదు. క్రిముల సంగతీ అంతే.

మన ఒంటికి రోగం తెచ్చే క్రిమి లోపలికి రాగానే శరీరం మొదట చూసేది దాని పైబట్టనే. ఆ బట్టకు సరిగ్గా సరిపోయే పట్టుకొయ్యలను రక్తంలో తయారు చేస్తుంది. వీటినే యాంటీబాడీలు అంటారు. రక్తం గడ్డకట్టిన తరువాత పైన తేరే పసుపుపచ్చని నీరు సీరం. యీ యాంటీబాడీలు వుండేది ఆ సీరంలోనే. ఒక బట్టకు తయారైన యాంటీబాడీ మరొక బట్టను సాధారణంగా పట్టుకోలేదు. యీ గుణాన్ని ఆధారం చేసుకొని, సీరం సహాయంతో ఒకే జాతి క్రిములను విడదీసిన రకాలకే సీరోటైపులని పేరు. ఒక్క మాటలో చెప్పాలంటే అవి క్రిముల యింటిపేర్లు.

గాజుపలక మీద పరీక్ష

యీ విద్య 1896 సంవత్సరంలో మొదలైనది. వియన్నాలో గ్రూబర్, డర్హామ్ అనే యిద్దరు ఒక వింత గమనించినారు. ఒక క్రిమికి అలవాటుపడిన జంతువు సీరాన్ని అదే క్రిమి వున్న నీటిలో కలిపితే, అంతవరకు సమంగా మసకగా వున్న నీరు విరిగిన పాలవలె ముక్కలు ముక్కలుగా అయిపోయినది. క్రిములన్నీ ఒకదాన్నొకటి పట్టుకొని ముద్దకట్టినవి. అదే సంవత్సరం పారిస్‌లో విడాల్ అనే వైద్యుడు దీనిని తిరగవేసినాడు. క్రిమి యేదో ముందే తెలిసివుంటే, రోగి సీరం దాన్ని ముద్దకట్టిస్తుందా లేదా అని చూసి, రోగికి ఆ జబ్బు వున్నదీ లేనిదీ వూహించవచ్చునని చెప్పినాడు. మనం వాడుకలో "విడాల్ టెస్టు" అనేది యిదే. 130 యేండ్లయినా మన వూళ్ళో యింకా నడుస్తూనే వున్నది.

పరీక్ష చేసే తీరు చూడడానికి చాలా సులువు. గాజుపలక మీద ఒక చుక్క ఉప్పునీరు వేసి, రోగినుంచి తీసి పెంచిన క్రిములను అందులో కలుపుతారు. కుందేలు వంటి జంతువునుంచి ముందుగా తయారు చేసి పెట్టుకొన్న సీరం ఒక చుక్క దానికి చేర్చి, పలకను అటూ యిటూ వంచుతూ చూస్తారు. ఒక నిమిషం లోపల పాలు విరిగినట్లయితే ఆ సీరం పేరే ఆ క్రిమి యింటిపేరు. విరగకపోతే మరొక సీరం. నేడు పెద్ద ఆసుపత్రులలో క్రిమి జీన్లనే చదివి చెప్పే యంత్రాలు వచ్చినవి గాని, యీ గాజుపలక పరీక్ష పోలేదు.

యిక ఆ "ఓ", "హెచ్" అక్షరాలు. మొదటి ప్రపంచయుద్ధ కాలంలో వైల్, ఫెలిక్స్ అనే యిద్దరు ఒక క్రిమిని పెంచుతుంటే, కొన్ని మచ్చలు పాత్రంతా పలుచని పొరగా ప్రాకినవి. కొన్ని ప్రాకకుండా వున్నచోటనే వుండిపోయినవి. ఆ పొర అద్దం మీద నోటి ఆవిరి పట్టినట్లు వుండడంచేత జర్మను భాషలో ఊపిరిని చెప్పే "హౌఖ్" అన్న మాటనుంచి "హెచ్" తీసుకొన్నారు. ఊపిరి పొర లేనిది, అంటే "ఓనె హౌఖ్", "ఓ" అయినది. తరువాత తేలినదేమిటంటే, ప్రాకేవాటికి యీదడానికి పనికివచ్చే సన్నని తోకలున్నవి. కనుక "హెచ్" అంటే తోక, "ఓ" అంటే ఒంటి పూత అని అర్థం చేసుకొంటే చాలు. చీటీలోని "టి." టైఫాయిడు క్రిమి, "ఏ.", "బి." అన్నవి పారాటైఫాయిడు రకాలు. 80, 160 అన్న అంకెలు సీరాన్ని యెన్ని రెట్లు పలుచన చేసినా యింకా ముద్ద కడుతున్నదో తెలిపేవి.

టైఫాయిడూ దాని దాయాదులూ

టైఫాయిడు క్రిమి సాల్మొనెల్లా అనే పెద్ద వంశానికి చెందినది. వైట్, కాఫ్‌మన్ అనే యిద్దరు శాస్త్రజ్ఞులు "ఓ" పూతనూ "హెచ్" తోకనూ చూసి యీ వంశానికి చిట్టా తయారు చేయడం ప్రారంభించినారు. నేడు ఆ చిట్టాలో 2500 కంటె యెక్కువ సీరోటైపులున్నవి. వాటిలో చాలా భాగం కోళ్ళలోనూ పశువులలోనూ వుండి, అప్పుడప్పుడు మనుష్యులకు విరేచనాలు పట్టించేవి. మనిషినే ఆశ్రయించి వారాల తరబడి జ్వరం కాయించేవి కొన్నే. వాటిలో పెద్దది టైఫాయిడు. దాని వెంట వచ్చేది పారాటైఫాయిడు ఏ.

యీ యిద్దరు దాయాదుల మధ్య ఒక విశేషం వున్నది. టైఫాయిడు క్రిమికి "ఓ" పూతలో 9, 12 అని రెండు గుర్తులుంటే, పారాటైఫాయిడు ఏ పూతలో 2, 12 వుంటవి. 12 అన్నది యిద్దరికీ ఉమ్మడి ఆస్తి. అందుచేత ఒక జబ్బుకు తయారైన సీరం రెండవదాన్ని కూడా కొద్దిగా పట్టుకోవచ్చును. పైగా మన ప్రాంతాలలో చిన్నప్పటినుంచి యీ క్రిములు యేదో ఒక దారిన ఒంట్లోకి పోతూనే వుంటవి గనుక, జబ్బు లేనివారి రక్తంలో కూడా కొద్ది అంకె చూపవచ్చును. ఒక్క విడాల్ చీటీతో టైఫాయిడని నిశ్చయించరాదనీ, మందు మొదలుపెట్టే ముందే రక్తం తీసి క్రిమిని పెంచి చూసే కల్చరు పరీక్ష మేలనీ డాక్టర్లు చెప్పడానికి కారణం యిదే.

మా వీధిలో ఒక తల్లి కొడుక్కు టైఫాయిడు టీకా వేయించినది. రెండేళ్ళకు ఆ పిల్లవానికి పదిరోజుల జ్వరం వచ్చి అదే మాదిరి కుంగిపోయినాడు. "డబ్బు పోసి వేయించిన టీకా నీళ్ళపాలేనా?" అని ఆమె మనసు కష్టపెట్టుకొన్నది. కల్చరులో తేలినది పారాటైఫాయిడు ఏ. టీకా మోసం చేయలేదు; వచ్చిన చుట్టం వేరు. టైఫాయిడు క్రిమికి "ఓ", "హెచ్" గాక "వి.ఐ." అనే మూడవ పూత ఒకటి దుప్పటి కప్పుకొన్నట్లు వుంటుంది. ఫెలిక్స్, పిట్ అనేవారు దానిని 1934 లో కనిపెట్టినారు. నేటి టైఫాయిడు టీకాలలో వాడేది యీ దుప్పటి ముక్కనే. పారాటైఫాయిడు ఏ కు ఆ దుప్పటి లేదు. కనుక టీకా దానిని గుర్తుపట్టదు. యింటిపేరు తెలియకపోతే ఆ తల్లి టీకాలన్నిటి మీదా నమ్మకం పోగొట్టుకొని వుండేది. రెండవ బిడ్డకు వేయించడం మానుకొని వుండేది.

టైఫాయిడు మనకు పరాయి సంగతి గాదు. 2017 నుంచి 2020 వరకు మన సి.ఎం.సి. వారి ఆధ్వర్యాన దేశంలో పలుచోట్ల పిల్లలను వారం వారం కనిపెట్టి చూసినారు. ఆ చోట్లలో వేలూరు ఒకటి. ఢిల్లీ, కలకత్తా, వేలూరు పట్టణ ప్రాంతాలలో లక్షమంది పిల్లలకు యేడాదికి 576 మొదలు 1173 దాకా టైఫాయిడు కేసులు లెక్క తేలినవి. అదే పూనా దగ్గర పల్లెలలో 35 మాత్రమే. మన పేటలలో బిందెలలోని నీటిని గురించి యింతకంటె చెప్పవలసినది లేదు.

1992: వేలూరూ మద్రాసూ చూసిన వింత

యిక అసలు కథకు వస్తాము. కలరాను మన పెద్దలు వాంతిభేది అనేవారు. ఆ పేరు వినపడితే వూళ్ళు ఖాళీ అయ్యేవి. 1884 లో రాబర్ట్ కాఖ్ కలకత్తాలో చెరువు నీటిలోనూ రోగులలోనూ దాని క్రిమిని పట్టుకొన్నాడు. దరిమిలా శాస్త్రజ్ఞులు యీ జాతిలోనూ "ఓ" పూతను బట్టి రకాలు విడదీసినారు. 1992 నాటికి 138 రకాలు చిట్టాలోకి యెక్కినవి. కాని అప్పటిదాకా వూళ్ళకు వూళ్ళను ఊడ్చిన కలరా అంతా ఒక్క "ఓ1" రకం పనేనని లెక్క. "ఓ1" లో మళ్ళీ ఒగావా, ఇనాబా అని జపాను పేర్లతో రెండు ముఖ్యమైన పాయలున్నవి. "ఓ1" వంటి పెద్ద విభాగాన్ని సీరోగ్రూపు అనీ, లోపలి పాయలను సీరోటైపులనీ పండితులు వేరు చేస్తారు.

తక్కిన 137 రకాలూ అక్కడక్కడ కడుపు చెడగొట్టేవే తప్ప పెద్ద అంటు తెచ్చేవి కావని ప్రపంచమంతా నమ్మినది. అందుచేత ప్రయోగశాలలలో పద్ధతి చాలా సూటిగా వుండేది. క్రిమిని "ఓ1" సీరంతో కలుపు. ముద్ద కడితే కలరా; వెంటనే పై అధికారులకు తెలుపు. కట్టకపోతే "ఓ1 కాదు" అని వ్రాసి ప్రక్కకు పెట్టు.

1992 చివర మద్రాసులో వాంతిభేది పెరిగినది. మన వేలూరులో సి.ఎం.సి. కి కూడా అటువంటి రోగులు వచ్చినారు. బియ్యం కడిగిన నీళ్ళవంటి విరేచనాలు, గుంటలు పడిన కళ్ళు, ముడతలు పడిన వేళ్ళు. యే పెద్దమ్మ చూసినా వాంతిభేది అని చెప్పగలదు. గాజుపలక మీద మాత్రం "ఓ1" సీరం వేస్తే పాలు విరగలేదు! పాత పద్ధతి ప్రకారం అయితే యిది కలరా కాదని వ్రాయవలె. అయితే పెద్ద ఆసుపత్రిలో రిజిస్టరు వుంటుంది గదా! ఇన్నాళ్ళుగా వస్తున్న ఎల్ టార్ అనే "ఓ1" తగ్గిపోయి, "ఓ1 కాదు" అనే వరుస ఒక్కసారిగా నిండుతున్నదని వేలూరు వైద్యులు గుర్తించినారు. మేరీ జేసుదాసన్, టి. జేకబ్ జాన్ అనే యిద్దరు సి.ఎం.సి. డాక్టర్లు యీ మార్పును 1993 లో లండన్ నుంచి వెలువడే లాన్సెట్ పత్రికలో ప్రకటించినారు. రిజిస్టరు వ్రాసే వృత్తివారము గనుక మాకు యీ సంగతి తెలిసినప్పుడు కలిగిన సంతోషం చెప్పలేము. అక్కరకు రాదని ప్రక్కకు పెట్టిన వరుసనే యెవరో కూర్చుని లెక్కపెట్టినారు!

అప్పటికే అది బంగాళాఖాతం వెంట పైకి ప్రాకినది. కలకత్తా చేరినది, బంగ్లాదేశ్ చేరినది. 1993 మొదటి మూడు నెలలలో ఆ ఒక్క దేశంలోనే లక్షమందికి పైగా జబ్బుపడినారు. వేయిమందికి పైగా చనిపోయినారు. టోక్యోలో శాస్త్రజ్ఞులు ఆ క్రిమిని చిట్టాలోని 138 సీరాలతోనూ పోల్చి చూసినారు. ఒక్కదానికీ అది లొంగలేదు. దానికి క్రొత్త నంబరు యిచ్చినారు: "ఓ139". బంగాళాఖాతం పేరుమీదుగా "బెంగాల్" అని మారుపేరు కూడా పెట్టినారు.

మరొక వింత. మామూలుగా కలరా మరిగిన ప్రాంతాలలో దాని దెబ్బ పిల్లలమీదనే యెక్కువ. పెద్దలు చిన్నప్పటినుంచి దానిని యెరిగినవారు గనుక కొంత తట్టుకొంటారు. "ఓ139" వచ్చినప్పుడు మంచాన పడినవారిలో అధికభాగం పెద్దలే: కూలికి పోయే మొగవారు, యిల్లు నడిపే ఆడవారు. వారి ఒంటిలో "ఓ1" కు కావలి వున్నది. "ఓ139" కు లేదు. వెనుకటి రోజులలో తిరునాళ్ళకు ముందు పొడిచిన కలరా సూదిమందులూ "ఓ1" వే. చిన్నప్పటి జబ్బు నేర్పిన పాఠం, సర్కారు వారు వేసిన సూది, రెండూ యీ క్రొత్త యింటిపేరు ముందు పనికిరాలేదు.

లోపల పరీక్షించి చూస్తే యీ క్రిమి యెక్కడినుంచో వూడిపడినది కాదు. పాత ఎల్ టార్ "ఓ1" క్రిమే. కలరా తెప్పించే విషం అదే, ప్రేవులను పట్టుకొనే కొండి అదే. పైపూత నేసే జీన్ల కట్టను మాత్రం వదులుకొని, వేరొక క్రిమినుంచి మరొక కట్టను తెచ్చి అతికించుకొన్నది. దానిమీద "ఓ1" కు లేని సన్నని దుప్పటి కూడా కప్పుకొన్నది. దొంగ వాడే, చొక్కా మారినది. కాపలాదారు చొక్కానే గుర్తుపెట్టుకొన్నాడు గనుక వాణ్ణి తలుపు తీసి లోపలికి రానిచ్చినాడు.

కలరాలో యిది ఎనిమిదవ ప్రపంచవ్యాప్తి కాబోతున్నదని అప్పుడు చాలామంది భయపడినారు. 1961 లో ఇండొనీషియాలో బయలుదేరిన ఎల్ టార్ ది ఏడవది. కాని 1994 నాటికి పాత "ఓ1" తిరిగి తలయెత్తినది. "ఓ139" కొన్నేళ్ళు అప్పుడప్పుడు కనిపించి క్రమంగా వెనుకకు తగ్గినది. నేడు ప్రపంచంలో కలరా అనేది దాదాపు అంతా "ఓ1" దే. అయినా 1992 తరువాత కలరా పరీక్ష అంటే "ఓ1" సీరంతో పాటు "ఓ139" సీరం కూడా వేసి చూడడం నియమమైనది.

మారినదేమిటి, మారనిదేమిటి

యింటిపేరు మారితే చికిత్స మారిపోయినదా అని పాఠకులు అడగవచ్చును. కలరాలో అది మారలేదు. ఒంటిలోనుంచి పోయిన నీరూ ఉప్పూ తిరిగి పోయడమే అన్నిటికంటె పెద్ద మందు. 1971 లో బంగ్లాదేశ్ యుద్ధ సమయాన సరిహద్దులోని బనగాఁవ్ కాందిశీకుల శిబిరంలో సెలైన్ సీసాలు అయిపోతే, డాక్టర్ దిలీప్ మహలనబీస్ ఉప్పూ గ్లూకోజూ సోడా ఉప్పూ కలిపిన నీటిని పీపాలలో పెట్టి, రోగుల బంధువుల చేతనే త్రాగించినారు. వందకు యిరవై ముప్పైమంది పోయేచోట నలుగురి లోపుకు చావులు తగ్గినవి. ఆ నీరు "ఓ1" అని చూడదు, "ఓ139" అని చూడదు. ఓ.ఆర్.ఎస్. పొట్లం యింట్లో లేకపోతే కాచి చల్లార్చిన లీటరు నీటిలో ఆరు చెంచాల పంచదార, అర చెంచా ఉప్పు కలిపి త్రాగించవచ్చును. చెంచా అంటే టీ చెంచా, తలకొట్టి కొలవవలె. ఉప్పు యెక్కువ కారాదు. అది త్రాగిస్తూనే ఆసుపత్రికి పరుగెత్తవలె.

అలాగే కాచిన నీటికీ సబ్బుతో కడిగిన చేతికీ సీరోటైపు పట్టింపు లేదు. కుళాయి వచ్చిన రోజున బిందెలు నింపి రెండు మూడు రోజులు వాడుకొనే యిళ్ళవారు యీ మాట మరవరాదు.

మరి సీరోటైపు యెక్కడ పనికివస్తుంది? మూడు చోట్ల. మొదటిది, అంటు యెక్కడినుంచి వచ్చినదో ఆరా తీయడానికి. సత్తువాచారిలో పదిమందికీ, గుడియాత్తంలో పదిమందికీ ఒకే వారంలో విరేచనాలు పట్టినవనుకొందాము. రెండు చోట్లా రకం ఒకటే అయితే అందరూ కలిసి భోంచేసిన పెళ్ళి పందిరినో, ఒకే చోటు సరుకునో అనుమానించవలె. రకాలు వేరైతే రెండూ వేరు కథలు. రెండవది, క్రొత్తది ఒకటి తలయెత్తినదని ముందుగా హెచ్చరించడానికి. వేలూరు చేసినది అదే. మూడవది, అన్నిటికంటె ముఖ్యమైనది, టీకా తయారు చేయడానికి.

హైదరాబాదు సీసాలు

"ఓ139" మద్రాసులోనూ వేలూరులోనూ కంటబడితే, దానికి విరుగుడు నింపిన సీసాలు హైదరాబాదులో తయారైనవంటే తెలుగువారికి కొంత గర్వంగానే వుంటుంది. అక్కడి శాంతా బయోటెక్నిక్స్ వారు 2009 లో "షాంకాల్" అనే నోటితో త్రాగే కలరా మందును మన దేశంలో విడుదల చేసినారు. అందులో చంపిన "ఓ1" క్రిములలో ఒగావా, ఇనాబా రెండు పాయలూ, వాటితో "ఓ139" కూడా వున్నవి. 2011 లో ప్రపంచ ఆరోగ్య సంస్థ దానిని అంగీకరించినది. తరువాతి యేళ్ళలో హైతీ వంటి దూరదేశాలలో కలరా వచ్చినప్పుడు త్రాగించినది యీ హైదరాబాదు మందునే.

2024 ఆగస్టులో అదే నగరంలోని భారత్ బయోటెక్ వారు "హిల్‌కాల్" అనే మరొక కలరా మందును తెచ్చినారు. అందులో "ఓ139" లేదు. ఆ రకం దాదాపు కనుమరుగైనందున దానిని వదిలి, ఒగావా, ఇనాబా రెండు గుర్తులూ ఒకే క్రిమి మీద వుండేటట్లు చేసినారు. తక్కువ ఖర్చుతో యెక్కువ సీసాలు నింపవచ్చునని వారి లెక్క. సీసాలో యేది వేయవలె, యేది తీయవలె అన్నది నిర్ణయించేది వూరూరా గాజుపలకల మీద వ్రాసి పెట్టిన చిట్టాలే. "ఓ139" రేపు మళ్ళీ తలయెత్తినదా, దానిని చెప్పవలసినదీ ఆ చిట్టాలే. చిట్టా ఆగిపోతే సీసా గ్రుడ్డిదవుతుంది.

పైన చెప్పిన "వి.ఐ." దుప్పటితో తయారైన టైఫాయిడు టీకాలలో పసిపిల్లలకు కూడా పనిచేసేటట్లు చేసి, 2017 లో ప్రపంచ ఆరోగ్య సంస్థ అంగీకారం మొట్టమొదట పొందినదీ యీ భారత్ బయోటెక్ వారిదే.

పసిపిల్లల న్యుమోనియా

యింటిపేరు తెలియకపోతే కలిగే నష్టం న్యుమోనియాలో మరీ స్పష్టం. న్యుమోకాకస్ అనే క్రిమికి ఒంటిచుట్టూ చక్కెర వంటి పదార్థంతో దట్టమైన దుప్పటి వుంటుంది. యిందులో నూరు రకాలకు పైగా తేలినవి. పెన్సిలిన్ రాకముందు డాక్టర్లు రోగి కఫంలో క్రిమి రకం కనుక్కొని, దానికి సరిపోయే గుర్రపు సీరం యెక్కించేవారు. రకం తప్పితే సీరం వృథా. యింటిపేరు తెలుసుకోవడంలో గంటలు ఆలస్యమైతే ప్రాణమే పోయేది.

2000 సంవత్సరంలో అమెరికాలో పిల్లలకోసం యేడు రకాలతో న్యుమోకాకస్ టీకా వచ్చినది. ఆ యేడూ అక్కడి పిల్లలకు జబ్బు తెచ్చే రకాలు. 1, 5 అనే నంబర్లు అందులో లేవు. మన దేశంలో సంగతి వేరు. 1993 నుంచి కొన్ని పెద్ద ఆసుపత్రులు కలిసి యీ క్రిములను సేకరించి రకాలు చూసినవి, మన సి.ఎం.సి. అందులో ముఖ్యమైనది. 1999 లో ప్రకటించిన ఆ లెక్కలలో 1 వ రకం యిక్కడ బాగా యెక్కువగా కనిపించే వాటిలో ఒకటని తేలినది. పరాయిదేశపు కొలతలకు కుట్టిన చొక్కా మన పిల్లవానికి పట్టదని రుజువైనది. పూనాలోని సీరం ఇన్‌స్టిట్యూటు వారు 2020 చివర మన దేశంలో విడుదల చేసిన పది రకాల టీకాలో 1, 5 రెండూ వున్నవి. ప్రభుత్వంవారు న్యుమోకాకస్ టీకాను 2017 లో కొన్ని రాష్ట్రాలలో మొదలుపెట్టి, 2021 నాటికి దేశమంతటికీ విస్తరించినారు. పుట్టిన ఆరవ వారం, పద్నాలుగవ వారం, తొమ్మిదవ నెలలో ప్రభుత్వ కేంద్రాలలో ఉచితంగా వేస్తారు. మన యిళ్ళలోని మనుమలకూ మనుమరాండ్రకూ యీ మూడు మోతాదులూ పడినవో లేదో టీకా కార్డు తీసి చూసుకోవలసినదని కోరుతున్నాము.

మనము చేయదగినవి

యింతా చదివి, యీ నంబర్లతో మనకేమి పని, డాక్టర్లున్నారు గదా అనుకోరాదు. మన వంతు పని కొంత వున్నది.

జ్వరం పట్టిన రెండవనాడే మందుల షాపులో యాంటీబయాటిక్ కొని మ్రింగి, అయిదవనాడు ఆసుపత్రికి పోతే కల్చరులో క్రిమి మొలవకపోవచ్చును. మొలవకపోతే దాని యింటిపేరు యెవరికీ తెలియదు. ఆ రోగికీ నష్టం, వూరి చిట్టాకూ నష్టం. కనుక మందుకు ముందు పరీక్ష. డాక్టరుగారు కల్చరు వ్రాస్తే, రెండు మూడు దినాలు ఆలస్యమనీ, ఖర్చనీ వద్దనకండి.

పాత చీటీలు పారవేయకండి. యింట్లో ఒక్కొక్కరి పేర ఒక్కొక్క కవరు పెట్టి, పరీక్షల కాగితాలూ టీకా కార్డులూ తారీఖు వరుసన దాచిపెట్టండి. ఆస్తి దస్తావేజులు దాచుకోవడం తెలిసిన మనకు యిది కష్టమైన పని కాదు. డాక్టరు మారినా, వూరు మారినా ఆ కవరు మాట్లాడుతుంది.

టీకా వేసిన తరువాత జబ్బు వచ్చినదని టీకాను దూషించే ముందు, వచ్చినది యే రకమో అడగండి. వీధిలో నాలుగిళ్ళవారికి ఒకేసారి వాంతులూ విరేచనాలూ పట్టితే సిగ్గుపడి దాచక ఆరోగ్యశాఖ వారికి తెలపండి. 1992 లో వచ్చిన రోగులందరూ యిళ్ళలోనే మూలుగుతూ వుండిపోయివుంటే, ఆసుపత్రి రిజిస్టరులో ఆ వరుస నిండేది కాదు. క్రొత్తది వచ్చినదని వేలూరు లోకానికి చెప్పగలిగేదీ కాదు.

మన మునుస్వాములకు యినిషియళ్ళు యెంత అవసరమో, క్రిములకు సీరోటైపులు అంత అవసరం. యీసారి రక్తపరీక్ష చీటీ చేతికి వచ్చినప్పుడు ఆ "ఓ", "హెచ్" అక్షరాలను ఒక్కసారి చదివి, పిల్లలకు కూడా అర్థం చెప్పండి. యిదే మా మనవి.